లేడు, లేదు, లేరు – ఇజంట్, ఆరంట్

పిల్లలూ!

ఈ పాఠాన్ని వ్యాకరణ సూత్రంతో మొదలుపెట్టడం లేదు. మన తరగతి పిల్లవాడి ఇంట్లో జరిగిన ఒక సంగతితో మొదలుపెడుతున్నాను. పేరు చెప్పను. చెప్పకపోయినా మీలో కొందరికి తెలిసిపోతుంది. నవ్వకండి.

ఆ అబ్బాయిది జగిత్యాల దగ్గర ఒక పల్లె. వాళ్ళ నాన్న ఇక్కడ అల్ ఖోబర్‌లో ఉంటూ, పని పడినప్పుడు జుబైల్ వెళ్ళి రాత్రి డ్యూటీ చేసి తెల్లవారి వస్తాడు. ఒక రాత్రి ఎనిమిదిన్నరకు బాపమ్మ ఫోన్ చేసింది. ఇక్కడ ఎనిమిదిన్నర అంటే అక్కడ పదకొండు గంటలు. మనకూ ఇండియాకూ రెండున్నర గంటల తేడా ఉంది కదా! అంత రాత్రి వరకు ఆమె నిద్రపోలేదంటే కొడుకు మీద ఏదో బెంగ ఉన్నట్టే. "బాపు ఏడిరా బిడ్డా?" అని అడిగింది. అబ్బాయి చక్కగా, మర్యాదగా, "బాపు లేరు బాపమ్మా" అన్నాడు. అంతలో ఫోన్‌లో చార్జింగ్ అయిపోయి మాట ఆగిపోయింది.

తరువాత ఏం జరిగిందో మీరు ఊహించగలరు. అక్కడ బాపమ్మ ఒక్కసారిగా ఏడుపు అందుకుంది. ఇరుగుపొరుగు లేచి వచ్చారు. ఇక్కడ పక్కింటికి వెళ్ళిన తల్లి తిరిగి వచ్చి, మళ్ళీ ఫోన్ కలిపి, "డ్యూటీకి పోయిండు అత్తమ్మా, పొద్దుగాల వస్తడు" అని చెప్పేసరికి ముప్పావు గంట పట్టింది. ఆ ముప్పావు గంట ఆ ముసలి ప్రాణం ఎంత విలవిలలాడిందో!

అబ్బాయి తప్పు మాట ఏమీ అనలేదు. నిజానికి ఆ మాట నేర్పింది నేనే. అంతకు ముందు శుక్రవారం తరగతిలో, "పెద్దవాళ్ళను గురించి చెప్పేటప్పుడు లేడు అనకూడదు, లేరు అనాలి" అని నల్లబల్ల మీద రాసి మరీ చెప్పాను. నేను పుట్టి పెరిగింది గోదావరి వైపు. అక్కడ నాన్నను గురించి "ఉన్నారు, లేరు" అంటాము. వాళ్ళ ఊళ్ళో బాపును "ఉన్నడు, లేడు" అంటారు. అందులో అమర్యాద ఏమీ లేదు. దగ్గరితనం ఉంది. ఎప్పుడూ "లేడు" అనే మనవడు ఆ రాత్రి "లేరు" అన్నాడు. ఎక్కడ లేరో కూడా చెప్పలేదు. "ఇంట్లో" అనే మాట ఒకటి ముందు పెట్టి ఉంటే ఏ గొడవా లేకపోయేది. తెలుగులో ఒక మనిషిని గురించి ఊరికే "ఆయన లేరు" అంటే చనిపోయారని అర్థం కదా! కొడుకు ఎడారి దేశంలో ఉన్న తల్లి ఆ మాటను మరో రకంగా ఎలా వింటుంది?

ఈ కథలో ఒక చిన్న మాట ఎన్ని పనులు చేసిందో గమనించండి. "లేరు" అనే రెండక్షరాలలో మూడు సంగతులు ఉన్నాయి. ఒకటి, లేకపోవడం. రెండు, ఎవరు అనే సంగతి. మూడు, ఎందరు అనే సంగతి. ఒక్కరే అయితే ఎంత మర్యాద అనే సంగతి. మీరు ఇంగ్లీషు తరగతిలో నేర్చుకునే "ఇజంట్, ఆరంట్, డజంట్, డోంట్" అనే మాటలు కూడా ఇలాంటి పనే చేస్తాయి. కానీ అచ్చంగా ఇలాగే చేయవు. ఆ తేడాలోనే మీ చాలా తప్పులు పుడుతున్నాయి. మీ నోటుపుస్తకాలు చూసి చెబుతున్నాను.

మొదట మన మాట

"లేదు" అనే క్రియను కర్తతో కలిపి చదవండి. నేను లేను. మేము లేము. నీవు లేవు. మీరు లేరు. అతడు లేడు. ఆమె లేదు. అది లేదు. వారు లేరు. అవి లేవు.

ఇప్పుడు కర్తను చెరిపివేసి చదవండి. లేను – ఎవరు? నేనే, ఇంకెవరూ కారు. లేము అంటే మేమో మనమో. లేడు అంటే ఒక మగవాడు. చివరి అక్షరమే కర్తను పట్టి చూపుతుంది. అందుకే తెలుగులో "రేపు ఊళ్ళో ఉండను" అంటే చాలు, "నేను" అని వేరే చెప్పనక్కరలేదు. పరవస్తు చిన్నయసూరి 1858లో ప్రకటించిన బాలవ్యాకరణంలో ఇలాంటి క్రియలను వ్యతిరేకార్థకాలు అన్నాడు. మీరు ఆ పేరు గుర్తుపెట్టుకుంటే మంచిదే. పెట్టుకోకపోయినా మాట వాడటం వస్తే నాకు చాలు.

రెండు జతలను మాత్రం ప్రత్యేకంగా చూడండి. "ఆమె లేదు, అది లేదు" – రెండింటికీ ఒకే రూపం. ఏకవచనంలో స్త్రీకీ, పశువుకూ, వస్తువుకూ తెలుగు క్రియ తేడా చూపదు. బహువచనానికి వచ్చేసరికి స్త్రీలు పురుషులతో చేరి "లేరు" అయిపోతారు. వస్తువులు "లేవు" దగ్గరే ఉండిపోతాయి. రెండో జత "నీవు లేవు, అవి లేవు". ఎదుట ఉన్న ఒక్క స్నేహితుడికీ, దూరాన ఉన్న పది కుర్చీలకూ ఒకే మాట! విచిత్రం ఏమిటంటే ఇంగ్లీషులో కూడా "యూ ఆరంట్, దే ఆరంట్" అని ఈ రెంటికీ ఒకే మాట వస్తుంది. ఇది రెండు భాషల మధ్య చుట్టరికం వల్ల వచ్చింది కాదు. ఊరికే అలా కలిసింది.

"కాదు" అనే క్రియ కూడా ఇదే వరస. నేను కాను, నీవు కావు, అతడు కాడు, అది కాదు, వారు కారు, అవి కావు. కానీ ఈ రోజుల్లో మాట్లాడేటప్పుడు "కాదు" ఒక్కటే అన్నింటినీ మింగేస్తున్నది. "నేను డాక్టర్‌ను కాదు", "వాళ్ళు మా చుట్టాలు కాదు" అంటున్నాము. మాటలో అంటే అననివ్వండి. రాతలో మాత్రం "వాళ్ళు మా చుట్టాలు కారు" అని రాయండి. పోయిన సంవత్సరం ఈ వాక్యం రాయిస్తే ఒక అమ్మాయి, "చుట్టాల కారు ఏ రంగుది మాస్టారూ?" అని అడిగింది. మీ కాలానికి ఆ అనుమానం సహజమే.

ఇంగ్లీషు మాట ఎలా తయారైంది?

ఇంగ్లీషులో "కాదు" అనే అర్థానికి "నాట్" అని ఒక విడి మాట ఉంది. అది సహాయక్రియ పక్కన నిలబడుతుంది. ఈజ్ నాట్, ఆర్ నాట్, డజ్ నాట్, డూ నాట్. తొందరగా మాట్లాడేటప్పుడు రెండూ అతుక్కుపోయి "నాట్"లోని అచ్చు ఎగిరిపోతుంది. ఎగిరిపోయిన అక్షరం ఉండవలసిన చోట పైన వేలాడే చిన్న కామాలాంటి గుర్తు పెడతారు. దానిని అపాస్ట్రఫీ అంటారు. మన సంధి లాంటిదే అనుకోండి. అయితే మనం లోపించిన అచ్చుకు గుర్తు పెట్టము, వాళ్ళు పెడతారు. మీలో చాలామంది ఆ గుర్తును "ఎన్" అక్షరానికి ముందు పెడుతున్నారు. అక్షరం పోయింది ఎక్కడ? "ఎన్"కూ "టీ"కీ మధ్య. గుర్తు కూడా అక్కడే ఉండాలి.

ఈ అతుకుడు మాటలు ఇంగ్లీషు రాతలో పదిహేడో శతాబ్దంలో బాగా కనిపించసాగాయి. 1710లో జొనాథన్ స్విఫ్ట్ అనే ప్రసిద్ధ రచయిత ఒక పత్రికలో ఇలాంటి కత్తిరింపు మాటలను ఎగతాళి చేస్తూ రాశాడు. భాష పాడైపోతున్నదని ఆయన బాధ. భాష ఆయన మాట వినలేదు. అయితే ఇప్పటికీ దరఖాస్తులలో, పరీక్ష వ్యాసాలలో, ఆఫీసు కాగితాలలో విడదీసి "డజ్ నాట్, ఆర్ నాట్" అని రాయడమే మర్యాద. స్నేహితుడికి రాసే ఉత్తరంలో కలిపి రాయవచ్చు.

ఇక అసలు విషయం. ఇంగ్లీషు మాటలో ఏకవచనం, బహువచనం ఎక్కడ ఉన్నాయి? చివర ఉన్న "ంట్"లో లేవు. అది అందరికీ ఒక్కటే. ముందున్న సహాయక్రియలో ఉన్నాయి. ఇజంట్, డజంట్, వాజంట్, హాజంట్ – ఇవి ఒక్కరికి. ఆరంట్, డోంట్, వరంట్, హావంట్ – ఇవి ఎక్కువమందికి. తెలుగులో వచనం మాట చివర కూర్చుంటుంది, ఇంగ్లీషులో మాట మొదట్లో కూర్చుంటుంది. మన చెవి చివరి అక్షరం వినడానికి అలవాటు పడింది. చివర అన్నీ "ంట్" అనే వినిపించేసరికి, ఏది పడితే అది రాసేస్తున్నాము. "మై ఫాదర్ డోంట్ డ్రైవ్" అని రాసేది అందువల్లనే.

ఇంకొక చిక్కు "స్" అక్షరంతో ఉంది. నామవాచకానికి "స్" తగిలితే బహువచనం: బాయ్, బాయ్స్. క్రియకు "స్" తగిలితే ఏకవచనం: బాయ్ ప్లేస్, బాయ్స్ ప్లే. ఇది పిల్లలను తికమక పెట్టడానికే ఎవరో చేసిన ఏర్పాటులా ఉంటుంది. నేను నా విద్యార్థులకు ఒక కిటుకు చెబుతుంటాను. మామూలు వాక్యంలో ఒకే "స్" ఉన్నదనుకోండి. అది కర్త దగ్గర ఉంటే క్రియ దగ్గర ఉండదు, క్రియ దగ్గర ఉంటే కర్త దగ్గర ఉండదు. "ది బాయ్స్ డోంట్ ప్లే" – "స్" కర్త దగ్గర ఉంది. "ది బాయ్ డజంట్ ప్లే" – ఆ "స్" డజంట్ లోపలికి వెళ్ళి కూర్చుంది. అది అక్కడ ఉన్నాక మళ్ళీ "ప్లేస్" అని ఇంకో "స్" తగిలించకూడదు. "హీ డజంట్ గోస్" అని రాసేవాళ్ళు ఈ వాక్యాన్ని రెండుసార్లు చదవండి.

ఈ కిటుకు అన్ని చోట్లా పనిచేయదని కూడా చెప్పాలి. "చిల్డ్రన్, మెన్, పీపుల్" అనే మాటల్లో "స్" లేకపోయినా అవి బహువచనాలే: చిల్డ్రన్ డోంట్. "న్యూస్"లో "స్" ఉన్నా అది ఏకవచనమే: న్యూస్ ఇజంట్. "బస్" సంగతి సరేసరి. ఇక "ఐ, యూ" అనేవి ఒక్కరినే చెప్పినా డజంట్ తీసుకోవు, డోంట్ తీసుకుంటాయి. నేను, నువ్వు కాకుండా మూడో మనిషి ఒక్కరే అయినప్పుడే డజంట్. ఇక్కడ ఒక హెచ్చరిక: ఇంగ్లీషు వాళ్ళు మూడో మనిషిని మూడో పురుష అంటారు, మనం ప్రథమ పురుష అంటాము. వాళ్ళ మొదటి పురుష మన ఉత్తమ పురుష. రెండు వ్యాకరణాలూ ఒకే రోజు చదివితే పరీక్షలో తలకిందులు కావడం ఖాయం.

"హీ డోంట్" అని తెల్లవాళ్ళే పాటల్లో, సినిమాల్లో అంటారు కదా అని ఒక పిల్లవాడు నాతో వాదించాడు. వాడి మాట నిజమే. పద్దెనిమిదో శతాబ్దంలో చదువుకున్న ఆంగ్లేయులు కూడా అలా అనేవారు. తరువాత దానిని తప్పుగా ఎంచారు. ఇప్పుడు అది కొన్ని ప్రాంతాల వాడుక. వాళ్ళ ఊరి వాడుక వాళ్ళది. మీ పరీక్షలో మాత్రం మార్కు పోతుంది.

"నేను" దగ్గర ఇంగ్లీషుకు వచ్చిన లోటు

మన "లేను, కాను" ఎంత ముచ్చటైన మాటలో ఇంగ్లీషు చూస్తే తెలుస్తుంది. "ఈజ్ నాట్" ఇజంట్ అయింది, "ఆర్ నాట్" ఆరంట్ అయింది. "ఐ యామ్ నాట్" ఏమవ్వాలి? "యామంట్" అవ్వాలి. స్కాట్లాండ్‌లో, ఐర్లాండ్‌లో ఇప్పటికీ ఆ మాట అంటారు. బడి ఇంగ్లీషులో మాత్రం ఆ గూడు ఖాళీ. అందుకని "ఐమ్ నాట్" అని రెండో వైపు నుంచి అతికిస్తారు. ప్రశ్న వేసేటప్పుడు అదీ కుదరదు. అప్పుడు "ఆరంట్ ఐ" అంటారు. ఆలోచించండి: "ఐ ఆర్" అంటే తప్పు, "ఆరంట్ ఐ" అంటే ఒప్పు! వ్యాకరణం అన్ని చోట్లా న్యాయంగా ఉండదు.

ఎవరికైనా మారని మాటలు

అన్ని వ్యతిరేక మాటలూ కర్తను బట్టి మారవు. ఇంగ్లీషులో డిడంట్, వోంట్, కాంట్, షుడంట్ – ఇవి ఒక్కరికైనా పదిమందికైనా ఒకటే. "వోంట్" మాత్రం చూడటానికి వింతగా ఉంటుంది. "విల్ నాట్" అతికితే "విలంట్" కావాలి కదా! ఒకప్పుడు "విల్"కు "వోల్" అనే రూపం కూడా ఉండేది. వోంట్ దాని నుంచి వచ్చింది.

తెలుగులోనూ ఇలాంటివి ఉన్నాయి. "వద్దు, కూడదు" ఎవరికైనా మారవు. అన్నిటికంటే ముఖ్యమైనది జరిగిపోయిన కాలంలో వచ్చే "లేదు". నేను రాలేదు. మీరు రాలేదు. వాడు రాలేదు. వాళ్ళు రాలేదు. చూశారా? అచ్చం డిడంట్ లాగే ఉంది. ఎందుకు మారదు? "రావడం అనే పని జరగలేదు" అని దాని భావం. అక్కడ లేనిది మనిషి కాదు, పని. పని ఒక్కటే, పైగా అది వస్తువులాంటిది. అందుకే ఎప్పుడూ "లేదు". "నేను రావడం లేదు, వాళ్ళు రావడం లేదు" అనేదీ ఇంతే.

ఇప్పుడు "రాలేను, రాలేడు, రాలేరు" చూడండి. ఇవి మారుతున్నాయి. ఇక్కడ లేనిది శక్తి. ఆ శక్తి లేనిది మనిషికి. కాబట్టి మనిషిని బట్టి మాట మారింది. "రాజు రాలేదు" అంటే రాజు రావడం జరగలేదు. "రాజు రాలేడు" అంటే రావడం అతని చేతకాదు. ఒక్క అక్షరం తేడా. మరి "సీత రాలేదు" అంటే? ఆమె వచ్చి ఉండలేదనా, ఆమెకు రావడం వీలుపడదనా? రెండూ కావచ్చు! పక్క వాక్యం చూసి తెలుసుకోవాలి. ఇక్కడ ఇంగ్లీషు నయం – డిడంట్ వేరు, కాంట్ వేరు. సెలవు చీటీ రాసేటప్పుడు ఇది గుర్తుపెట్టుకోండి. "జ్వరం వల్ల మా అమ్మాయి బడికి రాలేదు" అని తల్లి రాసిస్తే, అది నిన్నటి మాటో రేపటి మాటో తేలక నేనే ఒకసారి ఫోన్ చేసి అడిగాను.

లెక్క తెలుగులో ఒకటి, ఇంగ్లీషులో ఒకటి

కర్త ఏకవచనమా బహువచనమా అని చూసుకుని ఇజంట్, ఆరంట్ వేయమని మీ ఇంగ్లీషు టీచరుగారు చెప్పి ఉంటారు. మంచి మాటే. కానీ ఆ లెక్క మీరు తెలుగులో చూసుకుంటే మోసపోతారు.

బకాలాకు వెళ్ళి వచ్చిన పిల్లవాడు "పాలు లేవు" అంటాడు. పాలు, నీళ్ళు తెలుగులో ఎప్పుడూ బహువచనాలే. ఒక్క చుక్క అయినా "నీళ్ళు" అనే అంటాము. ఇంగ్లీషులో మిల్క్, వాటర్ లెక్కపెట్టలేనివి, కాబట్టి ఏకవచనం. "దేర్ ఇజంట్ ఎనీ మిల్క్" అనాలి, ఆరంట్ అనకూడదు. వడ్లు లేవు, డబ్బులు లేవు, వార్తలు లేవు – ఇంగ్లీషులో ఇవన్నీ ఇజంట్. దీనికి ఎదురు తిరిగినవి కూడా ఉన్నాయి. కత్తెర లేదు, కళ్ళజోడు లేదు, ప్యాంటు లేదు – మనకు ఇవి ఒక్కొక్కటే. ఇంగ్లీషు వాడి లెక్కలో కత్తెరకు రెండు అలుగులు, కళ్ళజోడుకు రెండు అద్దాలు, ప్యాంటుకు రెండు కాళ్ళు. అందుకని ఆరంట్.

డబ్బు మొత్తం చెప్పేటప్పుడు ఇంకో వింత. యాభై రియాళ్ళు తీసుకుని వెళితే దుకాణదారుడు చాలవు అన్నాడు. "చాలవు" – మనకు యాభై కాగితాలు కళ్ళ ముందు ఉన్నాయి, బహువచనం. ఇంగ్లీషులో "ఫిఫ్టీ రియాల్స్ ఇజంట్ ఎనఫ్". వాళ్ళు దానిని ఒక్క మొత్తంగా చూస్తారు. "స్" ఉన్నా ఇజంట్! ఇరవై అయిదు కిలోమీటర్లు కూడా ఇంతే. మన ఖోబర్ నుంచి బహ్రెయిన్‌కు 1986లో తెరిచిన కింగ్ ఫహద్ కాజ్‌వే పొడవు సుమారు ఇరవై అయిదు కిలోమీటర్లు. అంత దూరం కారులో ఎక్కువ కాదు అని ఇంగ్లీషులో చెప్పాలంటే ఇజంట్ వేయాలి.

"ఎవరూ లేరు" అనే మాట దగ్గర ఇంకా పెద్ద గుంట ఉంది. మన "ఎవరూ"లో "కాదు" అనే అర్థం లేదు. అది క్రియలో ఉంది. ఇంగ్లీషు "నోబడీ"లో ముందే "నో" ఉంది. కాబట్టి క్రియలో మళ్ళీ "ంట్" పెట్టకూడదు. పైగా మనది బహువచనం, వాళ్ళది ఏకవచనం. "తరగతిలో ఎవరూ లేరు" అంటే "నోబడీ ఈజ్ ఇన్ ది క్లాస్". ఇజంట్ అనకూడదు, ఆరంట్ అసలే అనకూడదు. ఈ ఒక్క వాక్యం తప్పు లేకుండా రాసినవాళ్ళు నాకు మొన్న ముగ్గురే కనిపించారు.

మర్యాద సంగతి ముందే చూశాము. "మాస్టారు లేరు" అనేదానికి "మాస్టర్ ఆరంట్" అని ఎవరో రాశారు. నా మీద గౌరవంతో రాశారని సంతోషించాను, సున్నా కూడా వేశాను. ఒక్క మనిషిని బహువచనంలో పిలిచే మర్యాదను ఇంగ్లీషు "యూ" అనే మాటలో మాత్రం దాచుకుంది. ఒకప్పుడు వాళ్ళకూ నీవుకు "దౌ", మీరుకు "యూ" అని వేరువేరుగా ఉండేవి. అందరినీ "మీరు" అనడం అలవాటై "నీవు" వాడుకలోంచి పోయింది. అందుకే ఇప్పుడు ఎదుట ఉన్నది ఒక్కరే అయినా "యూ ఆరంట్" అనే బహువచన క్రియే వస్తున్నది.

మన చుట్టూ ఉన్న భాషలు

ఖోబర్‌లో పెరుగుతున్న మీకు ఒక సౌకర్యం ఉంది. మా ఊరి పిల్లలకు అది లేదు. మీ చెవిన రోజూ నాలుగు భాషలు పడతాయి. హిందీ, ఉర్దూ మాట్లాడేవాళ్ళ "నహీ" వినండి. ఎవరికైనా నహీ ఒక్కటే. వచనం పక్కనున్న "హై"లో ఉంటుంది. ఇక మీరు బడిలో చదివే పుస్తకాల అరబ్బీలో "లైస" అనే మాట ఉంది. అది మన "లేదు, కాదు"లకు సోదరిలా ఉంటుంది. అతడికి లైస, ఆమెకు లైసత్, నాకు లస్తు, మాకు లస్నా, వాళ్ళకు లైసూ. చివర మారుతూ కర్తను చూపుతున్నది, మన లేడు, లేను, లేము లాగా! పైగా సరిగ్గా ఇద్దరే అయితే అరబ్బీకి వేరే రూపం ఉంది. ఏకవచనం, ద్వివచనం, బహువచనం అని మూడు. సంస్కృతంలోనూ ద్వివచనం ఉంది. తెలుగుకు ఆ బాధ లేదు.

వీధిలో వినిపించే అరబ్బీ వేరు. "మాఫీ" అంటే లేదు. "ఖుబ్జ్ మాఫీ" అంటే రొట్టె లేదు. పది దేశాల పనివాళ్ళు కలిసి పనిచేసే చోట ఈ ఒక్క మాటే ఇజంట్‌కూ, ఆరంట్‌కూ, డోంట్‌కూ, డిడంట్‌కూ సరిపోతుంది. ఎవరు, ఎందరు అనే సంగతి చేతి సైగతో తెలుస్తుంది. కొత్తగా వచ్చిన మనవాళ్ళు మాత్రం ఈ మాట దగ్గర తడబడతారు. మనకు ఉర్దూ వల్ల తెలిసిన మాఫీ వేరు – రుణమాఫీ, అంటే అప్పు రద్దు. "ఫులూస్ మాఫీ" అని లెక్కల గుమాస్తా అంటే, బాకీ రద్దు చేశారేమో అని సంతోషపడిన మనిషిని నేను చూశాను. ఆ రోజు జీతం డబ్బు లేదని దాని అర్థం.

అవునా, కాదా?

చివరిగా ఒక విషయం. ఇది మార్కుల విషయం కాదు, కాబట్టి నిదానంగా చదవండి.

తెలుగులో "నువ్వు తలుపు వేయలేదా?" అని అడిగితే, వేయనివాడు "అవును, వేయలేదు" అంటాడు. అడిగిన మాటతో ఏకీభవిస్తున్నాడు. ఇంగ్లీషు వాడు అలా చెప్పడు. వేయకపోతే "నో, ఐ డిడంట్" అంటాడు. వాడికి ప్రశ్న ఎలా ఉన్నదో అక్కరలేదు. పని జరిగితే యెస్, జరగకపోతే నో. ఒక పని స్థలంలో ఇంజనీరు "డిడంట్ యూ క్లోజ్ ది వాల్వ్?" అని అడిగాడనుకోండి. మన మనిషి మనసులో "అవును సార్, మూయలేదు" అనుకుని, పైకి "యెస్ సార్" అన్నాడనుకోండి. ఇంజనీరు ఏమని వింటాడు? మూశాడని వింటాడు. ఆ గొట్టంలో ఆవిరో, గ్యాసో ఉంటే ఏమవుతుందో మీ నాన్నలను అడగండి. ఇలాంటి ప్రశ్నకు ఒక్క మాటతో జవాబు చెప్పకూడదు. "నాట్ క్లోజ్డ్" అని పూర్తిగా చెప్పాలి. ఈ సంగతి ఇంటికి వెళ్ళి మీ ఇంట్లో పెద్దవాళ్ళకు చెప్పండి. చిన్నపిల్లలు చెబితే ఏమిటని ఎవరూ అనుకోరు.

దీనికి దగ్గరిదే మన "కదా". "కాదా" అనే ప్రశ్నకు అది దగ్గరి చుట్టం. మీరు వస్తారు కదా, వాళ్ళు వచ్చారు కదా, పాలు ఉన్నాయి కదా – ఎక్కడైనా మారదు. అందుకే మనవాళ్ళు ఇంగ్లీషులో అన్నింటికీ "ఇజంట్ ఇట్" తగిలిస్తారు. ఇంగ్లీషులో ఆ తోక కర్తను బట్టి, క్రియను బట్టి మారాలి: దే ఆర్ కమింగ్, ఆరంట్ దే, షీ సింగ్స్, డజంట్ షీ. ముందు వాక్యంలో "ంట్" లేకపోతే తోకలో ఉండాలి, ముందు ఉంటే తోకలో ఉండకూడదు.

అభ్యాసం

1. రాను, రాము, రావు, రారు, రాడు, రాదు – ఒక్కొక్క మాటకు సరిపోయే కర్తలను రాయండి. ఏ మాటకు ఒకటి కంటే ఎక్కువ కర్తలు వస్తాయో గుర్తు పెట్టండి.

2. ఇంగ్లీషులో రాయండి. అపాస్ట్రఫీ ఎక్కడ పెట్టాలో చూసుకోండి: నీళ్ళు లేవు. కత్తెర ఇక్కడ లేదు. మా నాన్నగారు ఇంట్లో లేరు. మా చెల్లి టీ తాగదు. వాళ్ళు నిన్న రాలేదు. ఆటస్థలంలో ఎవరూ లేరు.

3. "లక్ష్మి పాడలేదు" అనే వాక్యానికి రెండు అర్థాలు చెప్పి, ఒక్కొక్క అర్థం తేటగా తెలిసేలా రెండు వాక్యాలు రాయండి.

4. మీ ఊరికి ఫోన్ చేసినప్పుడు అమ్మమ్మనో నానమ్మనో అడగండి: మీ ఇంట్లో, మీ వీధిలో ఎవరిని "లేడు" అంటారు, ఎవరిని "లేదు" అంటారు, ఎవరిని "లేరు" అంటారు? జగిత్యాల పిల్లలు, రాజమండ్రి పిల్లలు, అనంతపురం పిల్లలు ఎవరి పట్టిక వాళ్ళే వేయండి. ఒకరిది చూసి ఒకరు దిద్దుకోవద్దు. వచ్చే శుక్రవారం అన్నీ బల్ల మీద పెట్టి చూద్దాం. ఫోన్ చేసే ముందు చార్జింగ్ ఉందో లేదో చూసుకోండి.